బాల్చీ ఆడదా, మగదా? పోర్చుగీసు నామవాచకాలతో ఒక చిన్న పాఠం

నేను సీఎస్‌ఈ సెకండియర్. మాది షాబాద్. చదువంతా ఇంగ్లీష్ మీడియం కాబట్టి గ్రామర్ అంటే నాకు నౌన్, వెర్బ్ మాత్రమే. నామవాచకం, విభక్తి లాంటి మాటలు ఈ వ్యాసం కోసమే కూర్చొని నేర్చుకున్నా.

ఇది ఎట్లా మొదలైందంటే, ఆన్‌లైన్‌లో ఒక కోడింగ్ ప్రాజెక్టులో బ్రెజిల్ అమ్మాయి ఒకామె నాతో కలిసి పనిచేసింది. వాళ్ళ భాష పోర్చుగీసు. సరదాకి నేనూ నేర్చుకోవడం మొదలుపెట్టా. ఒకరోజు ఆమె అడిగింది: "మీ భాషలో నామవాచకాలకు లింగం ఉంటుందా?" నేను ఆలోచించకుండా "మాకు అట్లాంటివేం లేవు" అని టైప్ చేసేశా.

ఆ సాయంత్రం ఇంటికి వచ్చేసరికి నానమ్మ ఫోన్‌లో ఎవరికో చెప్తోంది: "మనుమడు ఎప్పుడో వచ్చిండు. ఆఁ, ఇప్పుడే బస్సు వచ్చింది. మనుమరాలు వచ్చింది."

గుమ్మంలోనే ఆగిపోయా. తమ్ముడేమో "వచ్చిండు". నేను, బస్సు మాత్రం "వచ్చింది". లింగం లేదని చెప్పింది నేనేనా!

మనింట్లో ఉన్న పోర్చుగీసు

వాస్కో డ గామా 1498లో కాలికట్ దగ్గర దిగాడు. 1510లో పోర్చుగీసువాళ్ళు గోవాను పట్టుకున్నారు. వాళ్ళ వ్యాపారంతో పాటు వాళ్ళ మాటలూ ఊరూరా తిరిగి, కొన్ని వేరే భాషల మీదుగా మనదాకా వచ్చాయి. బాల్చీ (వాళ్ళ బాల్దె), మేస్త్రి (మెస్త్రె), అల్మారా (ఆర్మారియు), తువ్వాల (తొఆల్యా), అనాస (అననాస్), వేలం (లెయిలాఁవ్) అన్నీ అట్లా వచ్చినవే. హైదరాబాద్ ఉర్దూలో వినే "చాబీ" కూడా వాళ్ళ "షావె"యే. ఇవన్నీ నామవాచకాలే కాబట్టి వీటితోనే పాఠం చెప్పుకుందాం.

మొదటి రూలు: ప్రతి వస్తువుకూ ఒక టైప్

పోర్చుగీసులో ప్రతి నామవాచకం పుంలింగమో స్త్రీలింగమో అయి తీరాలి. మధ్యలో మూడోది లేదు. పుంలింగానికి ముందు "ఉ", స్త్రీలింగానికి ముందు "అ" అనే చిన్న మాట పెడతారు. బాల్చీ మగ: ఉ బాల్దె. తాళంచెవి ఆడ: అ షావె. ఎందుకంటే కారణం ఏమీ లేదు. సాధారణంగా రాతలో "ఓ"తో ముగిసేవి పుంలింగం, "ఆ"తో ముగిసేవి స్త్రీలింగం. కానీ బాల్దె, షావె రెండూ "ఎ"తోనే ముగుస్తాయి కదా! అందుకే మాటను ముందున్న "ఉ" లేదా "అ"తో కలిపే బట్టీ పట్టాలి. పైగా "ప్రొబ్లేమా", "సిస్తేమా" లాంటివి గ్రీకు నుంచి వచ్చినవి, "ఆ"తో ముగిసినా పుంలింగాలే.

ఈ టైప్ పక్క మాటలకు కూడా పాకుతుంది. ఎర్ర బాల్చీ "ఉ బాల్దె వెర్మేల్యు", ఎర్ర తాళంచెవి "అ షావె వెర్మేల్యా". టైప్ కలవకపోతే మన కంపైలర్ లాగే వాళ్ళ చెవికి ఎర్రర్ కొడుతుంది. మనకు ఆ బాధ లేదు. ఎర్ర బాల్చీ, ఎర్ర చీర, ఎర్ర బస్సు, అన్నిటికీ ఒకటే "ఎర్ర".

రెండో రూలు: బహువచనం

అచ్చుతో ముగిస్తే చివర "స్" చాలు: బాల్దెస్, షావెస్. విశేషణానికీ అదే తోక తగిలించాలి: ఉస్ బాల్దెస్ వెర్మేల్యుస్. తిప్పలు పెట్టేవి "ఆఁవ్"తో ముగిసే మాటలు. లెయిలాఁవ్ (వేలం) లెయిలోఁయిస్ అవుతుంది, పాఁవ్ (రొట్టె) పాఁయిస్ అవుతుంది, మాఁవ్ (చెయ్యి) మాఁవుస్ అవుతుంది. ఒకటే ముగింపు, మూడు దారులు. (ముక్కుతో పలికే ఈ శబ్దాలు రాయడానికి మన అరసున్న ఎంత పనికొచ్చిందో చూడండి!)

అదే లెయిలాఁవ్ మన దగ్గరికి వచ్చి "వేలం" అయ్యాక, మన రూలే పాటిస్తోంది: వేలాలు, వేలానికి, వేలంలో. వలస వచ్చిన మాట ఇక్కడి బియ్యమే తింటోంది.

మూడో రూలు: "లో" ముందా, వెనకా?

మనకు విభక్తి నామవాచకం వెనక వస్తుంది: బాల్చీలో. వాళ్ళకు ముందు వస్తుంది: "ను బాల్దె". ఇందులో "ను" అంటే "లో" అనే "ఎం", పుంలింగపు "ఉ" కలిసిపోయిన రూపం. మాట మాత్రం మారదు. మన దగ్గర మాటే మారిపోతుంది: ఇల్లు ఇంటిలో, నోరు నోటిలో, ఏరు ఏటిలో. మనం ఆలోచించకుండా అనేస్తాం కానీ, తెలుగు నేర్చుకునే బయటివాళ్ళకు ఇదే పెద్ద కష్టం.

మరి మన లింగం సంగతి?

చిన్నయసూరి బాలవ్యాకరణం 1858 నాటిది. అందులో మహత్తు, అమహత్తు అని విభజన ఉంది. మగవాళ్ళు మహత్తు, మిగతావి అమహత్తు. ఏకవచనంలో ఆడవాళ్ళ క్రియ అమహత్తుతో కలుస్తుంది. అందుకే నేను, బస్సు ఒకే వరుసలో ఉన్నాం. నిజం చెప్తున్నా, చదివినప్పుడు కొంచెం కోపం వచ్చింది.

కానీ బహువచనం చూడండి. అమ్మాయిలు వచ్చారు, అబ్బాయిలు వచ్చారు, బస్సులు వచ్చాయి. ఇక్కడ మనం మనుషుల వైపుకు వచ్చేశాం! లెక్కలోనూ అంతే: ముగ్గురు అమ్మాయిలు, కానీ మూడు బస్సులు. గౌరవంగా "మేడమ్ వచ్చారు" అన్నా అదే రూపం. పోర్చుగీసులో ఇది తలకిందులు. తొంభైతొమ్మిది మంది అమ్మాయిల్లో ఒక్క అబ్బాయి చేరినా, సంప్రదాయ వ్యాకరణం ప్రకారం విద్యార్థులంతా "అలూనుస్", అంటే పుంలింగమే. వాళ్ళకు బహువచనంలో ఆడవాళ్ళు మాయం, మనకు ఏకవచనంలో. ఏ భాషా పూర్తిగా మంచి పిల్ల కాదన్నమాట.

రాత్రి ఆ అమ్మాయికి మళ్ళీ రాశా: "సారీ, తప్పు చెప్పా. మాకూ లింగం ఉంది. వస్తువు మీద కాదు, క్రియ చివర దాక్కుంటుంది." పరాయి భాష అడగకపోతే నా భాషను నేను ఎప్పటికీ చూసేదాన్ని కాదేమో. నానమ్మకు మహత్తు అంటే ఏంటో తెలియదు. కానీ డెబ్భై ఏళ్ళలో ఒక్కసారి కూడా తప్పు పలికి ఉండదు.

మీకు హోంవర్క్: ఈరోజు ఇంట్లో వినే పది నామవాచకాలు రాసుకోండి. ప్రతిదానికీ "లో", "కి", "లు" చేర్చండి. ఏవి మారాయి, ఏవి మారలేదు? బడికి పోని మీ ఇంటి పెద్దవాళ్ళను అడిగి సరిచూసుకోండి.