చలనచిత్రములలో మారుతల్లి

ధ్రువుని కథ నెఱుగని తెలుగు బాలుడు లేడు. తండ్రి యొడిలో గూర్చుండ గోరిన యా పసివానిని సవతితల్లియగు సురుచి పరుషవాక్యములతో నడ్డగించెను. ఇట్టి కథలు వినినది మొదలు మారుతల్లి యనగనే క్రూరురాలను తలంపు మన మనస్సులలో నాటుకొనుచున్నది. ఈ తలంపును చలనచిత్రములు పెంచినవా, తగ్గించినవా యని విచారింతము.

1937వ సంవత్సరమున వాల్ట్ డిస్నీ నిర్మించిన ‘స్నో వైట్’ చిత్రములో రాణి తన సవతికూతురి సౌందర్యమున కసూయపడి, విషపు ఆపిలు పండు నిచ్చి చంపజూచును. ఈ కథను జర్మనీ దేశీయులగు గ్రిమ్ సోదరులు ప్రకటించిరి. వింత యేమనగా, 1812వ సంవత్సరపు వారి మొదటి కూర్పులో నా దుష్టురాలు కన్నతల్లియే! 1819వ సంవత్సరపు కూర్పులో నామె సవతితల్లిగా మార్పబడెను. కన్నతల్లి కంటగట్టుటకు మనసొప్పని దోషమును లోకము మారుతల్లి నెత్తిన మోపుననుట కిదియే తార్కాణము.

1965వ సంవత్సరమున వెలువడిన ‘ది సౌండ్ ఆఫ్ మ్యూజిక్’ దీనికి విరుద్ధమైనది. తల్లిలేని యేడుగురు బిడ్డలకు శిక్షకురాలుగా వచ్చిన మరియా పాటలతో వారి మనస్సులను గెలిచి, తుదకు వారి తండ్రిని వివాహమాడును. ఇది ఆస్ట్రియాలోని ట్రాప్ కుటుంబపు చరిత్ర నాధారముగా గొన్నది. చిత్రములో నీ పరిచయము, వివాహము, 1938వ సంవత్సరమున దేశమును విడుచుట, అన్నియు గొలది కాలములోనే ముగియును. వాస్తవమున నా వివాహము 1927లోనే జరిగెను. వారు దేశము విడుచునాటికి పదియేండ్లు దాటినవి. చిత్రము కుదించినది ఆ పదియేండ్లనే. కుటుంబము కుదురుకొనునది యట్టి కాలములోనే.

1998వ సంవత్సరపు ‘స్టెప్‌మామ్’ చిత్రములో దుష్టులెవ్వరును లేరు. తలిదండ్రులు విడిపోయిన పిదప, తండ్రి వివాహమాడనున్న ఇసబెల్‌ను అన్నా యను బాలిక సహింపజాలదు. క్రొత్తయామెను ప్రేమించినచో కన్నతల్లికి ద్రోహము చేసినట్లగునేమో యను బెంగ యట్టి బిడ్డలకు సహజము. ఇంతలో తల్లికి క్యాన్సరు వ్యాధి సోకును. స్పర్ధతో నారంభించిన యా స్త్రీలిరువురును క్రమముగా నొకరినొకరు గ్రహింతురు. క్రిస్మసునాడు కుటుంబమంతయు ఛాయాచిత్రము తీయించుకొను వేళ, ఆ తల్లియే ఇసబెల్‌ను తన చెంతకు బిలుచును. ఒకరికి చోటిచ్చుటకు మఱియొకరిని వెడలగొట్ట బనిలేదని యా దృశ్యము బోధించుచున్నది.

కాబట్టి చిత్రములు రెండు విధముల మనలను భ్రమింపజేయును. మారుతల్లిని రాక్షసిగా జూపుట యొకటి. రెండు మూడు గంటలలో నామెను అమ్మగా జేయుట రెండవది. మన యిండ్లలో నామెను ‘పిన్ని’ యని పిలుచుట కలదు. పిలుపు నోటికి త్వరగా వచ్చును. మమత నిదానముగా వచ్చును. ఆలస్యమగుట బిడ్డ దోషము గాదు, ఆమె దోషమును గాదు.

విద్యార్థులారా! మీ ప్రక్క బల్లపై గూర్చుండు సహపాఠి యట్టి గృహమునుండి వచ్చుచుండవచ్చును. “మీ సవతితల్లి నిన్ను గొట్టునా?” యని పరిహాసమునకైనను అడుగకుడు. ఆ యింట నిరువురు మెల్లమెల్లగా నిర్మించుకొనుచున్న స్నేహమును మీ యొక్క మాట కూల్చివేయగలదు.