ఆ పాట ఎవరు పాడుతున్నారు?

రాజమహేంద్రవరం

చిరంజీవి అమ్మలుకి,

మామయ్య ఆశీస్సులు. నువ్వు పంపిన పాటలన్నీ విన్నాను. ఉద్యోగం వదిలేసి పాటలు రాసుకుంటూ, బాణీలు కట్టుకుంటూ సినిమాల్లోనూ నాటకాల్లోనూ బతుకుతానని రాశావు. ఇంట్లో పెద్దవాళ్ల సంగతి నాకు వదిలెయ్, వాళ్లతో నేను మాట్లాడతాను. నీతో మాట్లాడాల్సింది వేరే ఉంది.

బాణీలు బాగున్నాయి. మాట కూడా నీకు వశమైంది. కానీ తల్లీ, అన్ని పాటల్లోనూ ఒక్క మనిషే పాడుతోంది. అది నువ్వే. ఒక పాట ముసలి పడవవాడిదన్నావు, ఇంకోటి పెళ్లి తప్పిపోయిన అమ్మాయిదన్నావు. ఇద్దరూ నువ్వు చదివిన కవిత్వమే మాట్లాడుతున్నారు, ఇద్దరూ నీకిష్టమైన రాగం చుట్టూనే తిరుగుతున్నారు. కచేరీలో అది చెల్లుతుంది. తెర మీదా రంగస్థలం మీదా చెల్లదు. అక్కడ పాట పాత్రది. ఆ మనిషికి ఎంత చదువుంది, ఏ ఊరివాడు, ఆ క్షణాన ఎవరి ఎదుట నిలబడ్డాడు, ఏది దాచుకుంటున్నాడు, ఇవన్నీ తేలాకే పల్లవి. నేను ఇన్నేళ్లు హార్మోనీ ముందు కూర్చుని నేర్చుకున్నదంతా ఈ ఒక్క ముక్కలో ఉంది.

స్థానం నరసింహారావు గారి పేరు నువ్వు విన్నావు. తెనాలి రామవిలాస సభలో ‘శ్రీకృష్ణ తులాభారం’ ఆడుతున్నప్పుడు సత్యభామ వేషం ఆయనది. ‘మీరజాలగలడా’ పాట ఆ వేషం కోసం ఆయనే రాసుకున్నారు. నాటకకర్త ముత్తరాజు సుబ్బారావు గారు. సొంతంగా సాహిత్యం చూపించుకుందామని రాసిన పాట కాదది. కృష్ణుడు తన మాట దాటిపోడన్న సత్యభామ ధీమా ఉంది చూడు, అది వచనంలో చెబితే గొప్పలు పోయినట్టుంటుంది. పాటలో చెబితే మురిపెంగా ఉంటుంది, లోపల కాస్త భయం కూడా వినిపిస్తుంది. ఆమె నడక, ఓరచూపు, జడ విసురు, అన్నింటికీ అందులో చోటుంది. అభినయించేవాడే రాశాడు గనక ఎక్కడ ఊపిరి తీసుకోవాలో, ఎక్కడ కన్ను తిప్పాలో పాటకే తెలుసు. 1966లో పెండ్యాల నాగేశ్వరరావు గారి సంగీతంతో ‘శ్రీకృష్ణ తులాభారం’ సినిమా తీసినప్పుడు అదే పాట సుశీల గారి గొంతులో జమున గారి సత్యభామకి వచ్చింది. మగవాడు ఆడవేషం కట్టిన రంగస్థలం కోసం పుట్టిన పాట, దశాబ్దాలు దాటి, తెర మీద ఒక నటి ఒంటికి సరిగ్గా సరిపోయింది. పాత్ర కొలతలకి కుట్టిన పాట గనకనే అది సాధ్యమైంది. నా లెక్కలో ఇంతకంటే పెద్ద పాఠం ఏ సంగీత కళాశాలలోనూ లేదు.

పింగళి నాగేంద్రరావు గారిని కూడా పట్టుకో. నాటకాలు రాసి సినిమాలకి వెళ్లిన మనిషి. 1957 నాటి ‘మాయాబజార్’లో మాటలూ ఆయనవే, పాటలూ ఆయనవే. అందుకే ఘటోత్కచుడి కొలువుకి ఒక నుడికారం, శశిరేఖ మందిరానికి ఇంకొకటి. మాట ఆగి పాట మొదలయ్యే చోట అతుకు కనిపించదు. ఆ సినిమా మళ్లీ చూడు. ఈసారి పాటల కోసం చూడకు. ప్రతి పాటకి ముందు వచ్చే రెండు నిమిషాల సంభాషణ రాసుకుని, పాట దాన్ని ఎక్కడ అందుకుందో గుర్తుపెట్టు.

మాట ముందా, బాణీ ముందా అని అడిగావు. రెండూ నీ చేతిలోనే ఉన్నాయి కాబట్టి నీకు ఆ తగువు లేదనుకుంటున్నావు. నీకే ఎక్కువ ఉంది. కవికీ సంగీత దర్శకుడికీ మధ్య జరిగే పోట్లాటలో పాట పదునెక్కుతుంది. నీ దగ్గర పోట్లాడేవాళ్లు లేరు. మీటరుకి మాట పట్టకపోతే నువ్వే మాటని కత్తిరిస్తావు, మాట బరువైతే నువ్వే బాణీని సాగదీస్తావు, ఎవరూ అడ్డుచెప్పరు. కె.వి. మహదేవన్ గారికి తెలుగు మాతృభాష కాదు. అయినా తెలుగు పాటకి సాహిత్యం ముందు చేతికొచ్చాకే బాణీ కట్టడం ఆయన ఇష్టపడిన పద్ధతి. ఆత్రేయ గారు దాదాపు మామూలు మాటల్లా రాసిన పాటలకి కూడా ఆయన రాగం తొడిగారు, మాట విరగలేదు. అందుకని నువ్వు కొన్నాళ్లు రెండు పనులనీ రెండు రోజులకి విడగొట్టు. రాసిన రోజు హార్మోనీ ముట్టుకోకు. బాణీ కట్టే రోజు ఆ కాగితం పరాయివాళ్లు పంపిందనుకో, ఒక్క అక్షరం దిద్దకు. అప్పుడు తెలుస్తుంది ఎక్కడ నొప్పి పుడుతోందో. సినిమాలో సిట్టింగ్ అన్నాక దర్శకుడు ముందే బాణీ అడుగుతాడు, డమ్మీ సాహిత్యం పెట్టి ఇస్తావు, దాని మీద మాటలు వేస్తావు. అదీ నేర్చుకోవాల్సిందే, కాదనను. కానీ ఆ డమ్మీ మాటల మోజులో పడకు. మొదట నోటికొచ్చిన శబ్దమే చివరికి పాటైపోయి కూర్చుంటుంది.

రెండూ చేసినవాళ్లలో బాలాంత్రపు రజనీకాంతరావు గారిని తప్పక వెతుక్కో. 1920లో నిడదవోలులో పుట్టారు. ఉద్యోగ జీవితంలో ఎక్కువ భాగం రేడియోలో గడిచింది. రాశారు, స్వరపరిచారు, పాడించారు. ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’కి 1961లో సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. ఆ పుస్తకం ఎక్కడ దొరికినా కొనుక్కో, అరువిచ్చి పోగొట్టుకోకు. 1945 నాటి ‘స్వర్గసీమ’లో భానుమతి గారికి పేరు తెచ్చిన పాట వెనక ఉన్నది ఆయనే. రేడియో ఉద్యోగి కావడంతో సినిమా పనికి తన పేరు కాకుండా సోదరుడి పేరు వాడుకోవాల్సి వచ్చింది. ఈ సంగతి ఎందుకు చెబుతున్నానో ఉత్తరం చివర నీకే తెలుస్తుంది.

ముందు నాటకానికి పనిచెయ్యి. నాటకాల మీద అభిమానంతో చెప్పడం లేదు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ‘కీచక వధ’తో మొదలైన సురభి నాటకాలవాళ్లు ఇప్పటికీ పక్కన హార్మోనీ, తబలా పెట్టుకుని ఆడుతున్నారు. వెళ్లి ప్రేక్షకుల్లో కూర్చోవద్దు, వాద్యాల పక్కన చోటడుగు. తెర మారడం ఆలస్యమైతే హార్మోనిస్టు ఏం చేస్తాడో, నటుడి గొంతు ఆ పూట అరశ్రుతి దిగితే ఎలా సర్దుతాడో చూడు. పరిషత్తు నాటకాలకి సంగీతం ఇచ్చేవాళ్లతో తిరుగు, డబ్బు పెద్దగా రాదు, తిండీ దారిఖర్చూ వస్తాయి. నాటకంలో పాట తేలిపోతే ఆ క్షణమే తెలుస్తుంది, కుర్చీలు కిర్రుమంటాయి, వెనక వరసలో కబుర్లు మొదలవుతాయి. సినిమాలో నీకా కబురు ఏడాది తర్వాత అందుతుంది, అదీ వంద ఇతర కారణాలతో కలిసి. ఇంకోటి. ఏడుపు సన్నివేశాన్ని నటుడు నిజంగా పట్టుకున్నాడనుకో, హార్మోనిస్టు చెయ్యి తీసేస్తాడు. రీరికార్డింగ్‌లో కూర్చున్న రోజు నీకు పనికొచ్చేది ఆ తీసేసిన చెయ్యే. సినిమా సంగీత దర్శకుడి పనిలో పాటలకంటే నేపథ్య సంగీతమే ఎక్కువ సమయం తింటుందని పాటల మోజుతో వచ్చే పిల్లలకి ఎవరూ చెప్పరు.

ఇదంతా పాతకాలం మాట అనకు. 2023లో ఆస్కార్ అందుకున్న ‘నాటు నాటు’ తీసుకో. కీరవాణి గారు ఆరు బై ఎనిమిది నడకలో కట్టారు, మన పల్లెల్లో డప్పుకి కాళ్లు దానంతట అవే కదిలే నడక అది. దొరల విందులో తమవాళ్లని చిన్నబుచ్చిన చోట ఇద్దరు తెలుగు కుర్రాళ్లు జవాబు చెప్పాలి, అదీ సందర్భం. పాట రాసిన చంద్రబోస్ గారు చల్లగరిగ అనే పల్లెలో పుట్టారు. పాటలో ఉన్నవన్నీ పొలం, పశువు, తిండి, ఊరి జాతర. కవి తన తెలివి చూపించుకునే మాట ఒక్కటి లేదు. చాలా భాగం సగం రోజులోనే వచ్చేసిందనీ, మిగిలిన కాస్తా పూర్తవడానికి ఏడాదిన్నర పైన పట్టిందనీ ఆయనే చెప్పారు. ఆ మిగిలిన కాస్త దగ్గర ఓపిక పట్టగలవా అని నిన్ను నువ్వు అడుగు.

ఇక డబ్బు. నువ్వు ఉత్తరంలో రెండు వాక్యాల్లో దాటేశావు, నేను దాటను. చట్టం దృష్టిలో పాట సాహిత్యం ఒక రచన, బాణీ మరొక రచన. రెండూ నీవైతే నీకు రెండు హక్కులున్నాయి. ఎవరో రాసిచ్చిన ఒప్పందంలో ఆ రెండూ కలిపి ఒకే ముద్దగా, ఒకే మొత్తానికి పోతాయి, చూసుకో. 2012లో కాపీరైట్ చట్టం సవరించారు. జావేద్ అఖ్తర్ గారు రాజ్యసభలో దానికోసం గట్టిగా నిలబడ్డారు. ఇప్పుడు సినిమాహాల్లో సినిమాతోపాటు వినిపించడం తప్పిస్తే, మిగతా వాడకాలన్నింటి మీదా రచయితకీ స్వరకర్తకీ రాయల్టీలో హక్కులు కొన్నవాళ్లతో సమాన వాటా ఉంది. ఆ వాటా వదులుకుంటున్నానని నువ్వు సంతకం పెట్టినా చెల్లదు. వారసులకి రాయొచ్చు, కాపీరైట్ సొసైటీకి అప్పజెప్పొచ్చు, అంతే. అలాంటి సొసైటీ ఐపీఆర్ఎస్‌లో సభ్యత్వం తీసుకుని రచయితగానూ స్వరకర్తగానూ నమోదు చేయించుకో. హక్కు నీ జీవితకాలం, ఆ పైన 60 ఏళ్లు ఉంటుంది. ఒప్పందంలో గడువు రాయకపోతే ఐదేళ్లనీ, ప్రాంతం రాయకపోతే భారతదేశమే అనీ చట్టం లెక్క. అందుకే ‘శాశ్వతంగా, ప్రపంచమంతటా’ అన్న మాట ఎక్కడైనా కనిపిస్తే అక్కడ ఆగు. పేరు వేయించుకోవడం కూడా హక్కే. రజనీ గారికి ఉద్యోగ నిబంధన అడ్డొచ్చింది. నీకేమీ అడ్డు లేదు. మొహమాటపడి పేరు వదిలేసుకుంటే నేను ఊరుకోను.

ఈ ఆరు నెలలకి నేను చెప్పే పని ఇది. ఉద్యోగం ఇప్పుడే మానకు, సెలవులు నాటకాలకి పెట్టు. పడవవాడి పాట మళ్లీ రాయి. రాసేముందు కోటిపల్లి రేవుకో, పట్టిసీమకో వెళ్లి, పడవ నడిపేవాళ్లు తిట్టుకునేటప్పుడు, బేరమాడేటప్పుడు ఎలా మాట్లాడతారో విను. పాట గురించి వాళ్లని అడగొద్దు. పెళ్లి తప్పిపోయిన అమ్మాయి పాట జోలికి ఇప్పట్లో పోకు.

వెబ్ సిరీస్ వాళ్లు పంపారని నువ్వు రాసిన ఒప్పందం మీద ఇంకా సంతకం పెట్టలేదనే అనుకుంటున్నాను. అన్ని పేజీలూ కనపడేలా స్కాన్ తీసి పంపు. నాకు తెలిసిన వకీలు ఉన్నారు, శనివారం ఇద్దరం కూర్చుని చదువుతాం.

ఇట్లు,
మీ మామయ్య