కుష్ఠము: ఒక పదము, పెక్కు అర్థములు

మనుష్యులకు వలెనే మాటలకును చరిత్ర కలదు. కొన్ని మాటలు ఒక యర్థముతో పుట్టి, కాలక్రమమున మఱియొక యర్థమును దాల్చును. మఱికొన్ని పెక్కింటికి పేరుగానుండి, తుదకొక్కదానికే పరిమితమగును. ఇట్టి మాటలను తెలియక వాడినచో ఆ పొరపాటు తఱచుగా నవ్వులాటతో ముగియును. ‘తామర’ యనునది పువ్వునకును పేరే, చర్మమున గలుగు నొక వ్యాధికిని పేరే గదా! కాని యొక్కొక్కప్పుడట్టి పొరపాటు ఒక మనుష్యుని బ్రదుకునే బాధించును. అట్లు బాధింపగల పదములలో ‘కుష్ఠము’ ఒకటి. దాని చరిత్రను చెప్పుటకు ముందు, నేను చేసిన యొక తప్పును మీకు చెప్పవలెను.

సుమారు 35 ఏండ్ల క్రిందట నేనొక పల్లెటూరి ఉన్నత పాఠశాలలో తెలుగు పండితుడనుగా నుంటిని. ఒకనాడు ఎనిమిదవ తరగతిలో అమరకోశమునందలి వ్యాధుల పేర్లను వివరించుచుండగా ‘శ్విత్రము’ అను పదము వచ్చినది. “అనగా నేమండీ?” అని యొక బాలుడడిగెను. చిన్ననాడు కంఠస్థము చేసిన యర్థమునే నేను తడవుకొనకుండ చెప్పితిని: “తెల్ల కుష్ఠు.” పిల్లలకు బోధపడలేదేమోయని, “ఒంటిమీద తెల్లని మచ్చలు పడునే, అదియే” అని కూడ జేర్చితిని.

తరగతి యంతయు ఒక్కసారిగా మూడవ బల్లవైపు తిరిగెను. అచ్చట నేతపని చేసికొను నొకరి కుమారుడు కూర్చుండువాడు. అతని పెదవుల చుట్టును, వ్రేళ్ళ కొనలయందును పాలవలె తెల్లని మచ్చలుండెను. వానిని నేను ప్రతిదినమును చూచుచునే యుంటిని. కాని ఆ మాట నా నోటినుండి వెలువడునప్పుడు అతడు నా తలపున లేడు. ఆ బాలుడు మెల్లగా చేతులను బల్ల క్రిందికి దించుకొనెను.

మఱునాడు ఆ బల్లమీద అతడొక్కడే కూర్చుండెను. దాహమై త్రాగునీటి కుండ కడకు పోగా, “గ్లాసు ముట్టుకొనవద్దు” అని తోటివారడ్డగించిరట. మూడవనాడతడు బడికి రాలేదు.

నాలుగు దినములు చూచి, నేను వాని యింటికి బోయితిని. తండ్రి మగ్గము విడిచి లేచివచ్చి, చాప పఱచి నన్ను కూర్చుండబెట్టెను. కొంతసేపటికి ఇట్లనెను: “పంతులుగారూ! వాడికి ఎనిమిదవయేట ఈ మచ్చలు వచ్చినవి. ఐదేండ్లనుండి అందఱము కలిసియే తినుచున్నాము. వాని తమ్ముడు వాని ప్రక్కలోనే పరుండును. మాలో నొక్కరికిని రాలేదు. ఇది కుష్ఠని తమరు చెప్పినారట. చదువుకొన్న తమరే చెప్పిన తరువాత, ఊరిలో మా మాట నెవరు నమ్ముదురండీ?”

నాకు బదులు తోచలేదు.

మఱునాడు తండ్రిని, కుమారుని వెంటబెట్టుకొని పట్టణములోని ప్రభుత్వ వైద్యశాలకు పోయితిని. అచ్చటి చర్మవ్యాధుల వైద్యుడు బాలుని కన్నులు మూసికొనుమని చెప్పెను. పిమ్మట దూదిని సన్నని పోగుగా జేసి, మచ్చల నొక్కొక్కదానినే తాకుచు, “ఎక్కడ తగిలినది?” అని యడిగెను. బాలుడు ప్రతిసారియు సరియైన చోటనే వ్రేలుంచి చూపెను.

“కుష్ఠవ్యాధివలన గలిగిన మచ్చలో స్పర్శ తగ్గును, లేదా పోవును. ఈ మచ్చలలో స్పర్శ చక్కగా నున్నది. ఇది బొల్లి. చర్మమునకు రంగునిచ్చు కణములు నశించుటచేత వచ్చినది. ఎవ్వరికిని అంటదు” అని వైద్యుడు తేల్చి చెప్పెను. పిమ్మట, “దీనిని కుష్ఠమని యెవరన్నారు?” అని యడిగెను. నేను తలవంచుకొని, “నేనే యంటిని” అని చెప్పితిని.

ఆ రాత్రి నిఘంటువులను, వైద్యగ్రంథములను ముందుంచుకొని కూర్చుంటిని. ఈ పొరపాటు నాతోనే పుట్టినదా, నాకంటె ముందునుండియే యున్నదా యని వెదకితిని. అది మొదలు పలుమార్లు వెదకగా తెలిసిన సంగతులివి.

సంస్కృత వైద్యులు ‘కుష్ఠ’ శబ్దమును ‘కుష్’ అను ధాతువునుండి వివరించిరి. పెఱికివేయుట, వెలికిలాగుట యని యా ధాతువున కర్థము. ఉపేక్షించినచో శరీరమును చెఱచునది గావున దానికా పేరు వచ్చినదని వాగ్భటుడు చెప్పెను. చరక సుశ్రుతులు ఈ యొక్క పేరుక్రిందనే 18 చర్మవ్యాధులను లెక్కించిరి. వానిలో 7 మహాకుష్ఠములు, 11 క్షుద్రకుష్ఠములు. క్షుద్రమనగా నిచ్చట చిన్నదని యర్థము. దద్రువు మన తామర. పామ మన గజ్జి. విపాదిక యనగా అరచేతులును అరికాళ్ళును పగులుట. ఏది పెద్దది, ఏది చిన్నది యను విషయమునను వారికి భేదము కలదు. చరకుడు దద్రువును చిన్నవానిలో జేర్పగా, సుశ్రుతుడు పెద్దవానిలో జేర్చెను.

దీనినిబట్టి ప్రాచీనుల వాడుకలో కుష్ఠమనునది మిక్కిలి విశాలమైన మాట యని తెలియుచున్నది. ఆ లెక్కను అరికాలు పగిలిన రైతును కుష్ఠరోగియే. తామర పట్టిన పిల్లవాడును కుష్ఠరోగియే! నేడు మనము కుష్ఠవ్యాధి యనుదాని లక్షణములు కూడ ఆ గ్రంథములలో కానవచ్చును. కాని ఆ వ్యాధి యొక పెద్ద కుటుంబములోని యొక వ్యక్తి వంటిది మాత్రమే.

ఇక శ్విత్రము సంగతి. దీనికే కిలాసమని మఱియొక పేరు. చరకసంహితలో కుష్ఠచికిత్సను చెప్పిన యధ్యాయమునందే దీనిని కూడ చెప్పిరి. అయినను ఆ 18 కుష్ఠముల లెక్కలో దీనిని జేర్పలేదు. స్రావము లేనిదని దీని లక్షణమును వేఱుగా జెప్పిరి. ప్రక్కప్రక్కనే చెప్పబడుటచేత కాబోలు, తరువాతివారు కుటుంబపు పేరును పొరుగువానికి గూడ తగిలించి ‘తెల్ల కుష్ఠు’ అనిరి. తెలుగువారికి దీనికొక చక్కని మాట యుండనే యున్నది: బొల్లి. ముఖమున తెల్లని మచ్చగల యావును బొల్లియావు అందురు. ఆ యావును చూచి యెవ్వరును భయపడరు. మోసపుచ్చు మాటలను ‘బొల్లిమాటలు’ అనుటయు కలదు. నేను తరగతిలో చెప్పినవి అక్షరాల బొల్లిమాటలే యైనవి!

ఇంతకంటె వింతయైన యర్థమొకటి కలదు. అథర్వవేదమున కుష్ఠమనునది వ్యాధి కాదు, మందు! మంచుకొండలపై పుట్టి, జ్వరమును పోగొట్టు మూలికగా దానిని స్తుతించిరి. ఆ మూలిక వేరునే మన మూలికల యంగళ్ళలో ‘చెంగల్వ కోష్టు’ అని యమ్ముదురు. గ్రీకులు దానినే ‘కోస్తోస్’ అనిరి. చూచితిరా! ఒకే శబ్దము రోగమునకును పేరు, మూలికకును పేరు. ఏ చోట నే యర్థమో సందర్భమే చెప్పవలెను.

పాశ్చాత్యుల ‘లెప్రసీ’ అను మాటకును ఇట్టి చరిత్రయే కలదు. గ్రీకు భాషలో ‘లెప్రా’ యనగా పొలుసులు రాలు చర్మవ్యాధి. హీబ్రూ ధర్మగ్రంథములను గ్రీకులోనికి మార్చినవారు, అందలి ‘సారాత్’ అను పదమునకు ఈ మాటను వాడిరి. ఆ హీబ్రూ పదము చర్మముపై మచ్చలకే గాక, బట్టలపైనను ఇంటి గోడలపైనను పట్టు మచ్చలకు గూడ పేరు. మధ్యయుగములలో అరబ్బీ వైద్యగ్రంథములను లాటినులోనికి మార్చినవారు, అసలైన కుష్ఠవ్యాధికిని ‘లెప్రా’ యనియే పేరిడిరి. ఇట్లు పొలుసుల వ్యాధి, గోడపై మచ్చ, నరములను చెఱచు రోగము అన్నియు నొక్క మాటలో కలిసిపోయినవి. ఆ మాటతోపాటు భయమును ఒకదానినుండి మఱియొకదానికి ప్రాకినది.

ఈ కలగాపులగమును విడదీయుటకు త్రోవ చూపినవాడు నార్వే దేశపు వైద్యుడు గెర్హార్డ్ ఆర్మావర్ హాన్సెన్. ఆయన 1873లో ఈ వ్యాధికి కారణమైన సూక్ష్మజీవిని కనుగొనెను. నాటినుండి వైద్యుల భాషలో కుష్ఠమనగా ఆ సూక్ష్మజీవివలన గలుగు వ్యాధి యొక్కటియే. అది ముఖ్యముగా చర్మమును, నరములను పట్టును. నరములు చెడుటచేత స్పర్శ పోవును. స్పర్శ లేనివాడు వేడిగిన్నెను పట్టుకొన్నను తెలియదు. ముల్లు గ్రుచ్చుకొన్నను తెలియదు. తెలియని గాయములు ముదిరి చేతులను, కాళ్ళను పాడుచేయును. వ్రేళ్ళు వాటంతట నవి యూడిపడునను మాట నిజము కాదు.

ఆ వ్యాధి తేలికగా నంటునదియు కాదు. మందు తీసికొనని రోగితో చిరకాలము మిక్కిలి సన్నిహితముగా మెలగినప్పుడే సోకుటకవకాశము. చాలమందికి దానిని తట్టుకొను శక్తి సహజముగనే యుండును. పలు మందులను కలిపి యిచ్చు చికిత్సను ప్రపంచ ఆరోగ్య సంస్థ 1981లో సిఫారసు చేసెను. వ్యాధి రకమునుబట్టి 6 నెలలు గాని, 12 నెలలు గాని ఆ మందులు వాడినచో నయమగును. ప్రభుత్వ వైద్యశాలలలో వానిని ఉచితముగా నిత్తురు. మందు మొదలిడిన స్వల్పకాలములోనే ఇతరులకు సోకించు శక్తి నశించును. మన దేశమున ఈ వ్యాధి పదివేలమందికి ఒకరికంటె తక్కువకు దిగినదని 2005 డిసెంబరునాటి లెక్కలు తెలిపినవి. అయినను అది సమసిపోలేదు. కావున స్పర్శ లేని మచ్చ కనబడినచో దాచుకొనక వైద్యునికి జూపవలెను.

మందులు లేని కాలమునను భయపడనివారు కలరు. 1939లో పర్చురే శాస్త్రి యను సంస్కృత పండితుడు కుష్ఠవ్యాధితో సేవాగ్రామమునకు వచ్చెను. గాంధీమహాత్ముడాయనకు ఆశ్రమమున చోటిచ్చి, స్వహస్తములతో ఆయన శరీరమును మర్దనచేసెను. మహాత్ముని వర్ధంతియైన జనవరి 30వ తేదీని మన దేశమున కుష్ఠవ్యాధి నివారణ దినముగా పాటించుచున్నారు.

మాటలోని భయము చట్టములలోనికి గూడ ప్రవేశించినది. కుష్ఠరోగులైన నిరుపేదలను పట్టి వేఱుగా నుంచుటకు 1898లో ఒక శాసనము చేయబడెను. వ్యాధికి మందు వచ్చిన పిమ్మటను అది చిరకాలము నిలిచి, 2016లో రద్దయ్యెను. కుష్ఠవ్యాధి కారణముగా భార్యనో భర్తనో విడిచిపెట్టవచ్చునను నిబంధన వివాహచట్టములనుండి 2019లో తొలగింపబడెను. మందు రోగమును కొన్ని నెలలలో మాన్పినది. మాటకు పట్టిన రోగము మానుటకు తరములు పట్టినది.

నేటికిని కొందఱు వక్తలు లంచగొండితనమును ‘సంఘమునకు పట్టిన కుష్ఠు’ అందురు. కొందఱు కోపము వచ్చినప్పుడు ఈ పదమును తిట్టుగా వాడుదురు. వ్యాధి వచ్చినవాడు తప్పు చేసినవాడు కాడు. అతని బాధను మన తిట్లకు ఉపమానముగా జేయుట న్యాయమా? ‘కుష్ఠువాడు’ అనుటకు మారుగా ‘కుష్ఠవ్యాధి సోకినవాడు’ అన్నచో, మనుష్యుడు వేఱు, వ్యాధి వేఱు అని తెలియును. బొల్లిని బొల్లియనియే యనవలెను.

ఇక ఆ బాలుని మాట. వైద్యశాలనుండి వచ్చిన మఱునాడు నేనతనిని తరగతికి వెంటబెట్టుకొని పోయితిని. పిల్లలందఱి యెదుట, “నేను మొన్న చెప్పిన యర్థము తప్పు” అని చెప్పి, వైద్యుని మాటలను వివరించితిని. పిమ్మట ఆ బాలుని నీరు త్రాగుమని, అదే గ్లాసుతో నేనును త్రాగితిని. మధ్యాహ్నమునకు మూడవ బల్ల నిండెను. అతడు పదవ తరగతి వఱకు మా బడిలోనే చదివి, మంచి మార్కులతో నుత్తీర్ణుడయ్యెను.

కాని యొక్క సంగతి నేను మఱవజాలకున్నాను. ఆ రెండేండ్లును, నేను తరగతిలో నడుగుపెట్టగానే అతని చేతులు తమంతట బల్ల క్రిందికి పోయెడివి. నేను చెప్పిన తప్పర్థమును తరగతి మఱచినది; ఆ చేతులు మఱవలేదు. విద్యార్థులారా! మాట యర్థము తెలియనప్పుడు, “తెలియదు, కనుగొని చెప్పెదను” అనుటకు సిగ్గుపడకుడు. ఆనాడు నేనా మాట యనియుండిన, ఆ బాలుడు చేతులు దాచుకొనవలసిన పని యుండెడిది కాదు.

ప్రశ్నలు

1. ప్రాచీన వైద్యులు ‘కుష్ఠము’ అను పదమును ఏ యే యర్థములలో వాడిరి?
2. బొల్లికిని కుష్ఠవ్యాధికిని గల భేదమును వైద్యుడెట్లు నిరూపించెను?
3. ‘మాటకు పట్టిన రోగము మానుటకు తరములు పట్టినది’ - ఈ వాక్యమును వివరింపుడు.
4. ‘తామర’, ‘బొల్లి’ అను పదములను వేఱువేఱు అర్థములలో సొంతవాక్యములందు ప్రయోగింపుడు.