బడి తెర వెనుక కొలువులు

పాఠం ఎవరికి, ఏ భాషలో, ఏ వరుసలో చెప్పాలో తేల్చుకోవడం, అందుకు తగిన పరికరాన్నో ప్రోగ్రామ్‌నో ఎంచుకోవడం, చివరికి పిల్లలకు ఆ పాఠం వచ్చిందో లేదో చూసుకోవడం... ఈ మూడూ కలిస్తేనే విద్యా సాంకేతికత. అందుకే ఇందులో బీటెక్ వారితో పాటు బీఎడ్, డీఎడ్ చదివినవారికీ, తెలుగు ఎంఏ వారికీ, వీడియో ఎడిటింగ్ నేర్చినవారికీ, ఐటీఐ పూర్తిచేసినవారికీ చోటుంది. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల విద్యార్థులు చదువు కాగానే హైదరాబాద్, బెంగళూరు బండి ఎక్కేముందు ఒకసారి ఆలోచించదగ్గ రంగం ఇది. తెరలూ ట్యాబులూ డబ్బు పెడితే వస్తాయి. పల్లె బడినీ, అక్కడి పిల్లల మాటనీ ఎరిగి, వాటిని వాడగలిగిన మనుషులే దొరకడం లేదు.

ఈ ప్రాంతంలో బోధనను మార్చాలన్న ప్రయత్నం కంప్యూటర్లకు చాలా ముందే మొదలైంది. 1863లో శ్రీకాకుళం ప్రాంతంలోని పర్వతాలపేటలో పుట్టిన గిడుగు వేంకట రామమూర్తి పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడిగా ఉంటూ, చుట్టుపక్కల కొండల్లోని సవరల భాష నేర్చుకున్నారు. తెలియని భాషలో చెప్పే పాఠం సవర పిల్లల తలకెక్కదని గ్రహించి, వారి భాషలోనే వాచకాలు రాశారు. సొంత డబ్బుతో బడులు నడిపారు. ఆయన రాసిన సవర భాషా వ్యాకరణం 1931లో అచ్చయింది. తెలుగు చదువుల్లోనూ వాడుక భాషకు చోటివ్వాలని విజయనగరంలో ఉన్న గురజాడ అప్పారావుతో, పాఠశాలల ఇన్‌స్పెక్టర్ జె.ఎ. యేట్స్‌తో కలిసి పనిచేశారు. నేర్చుకునేవాడి నోటి మాట విని, దానికి తగ్గట్టు పాఠాన్ని మలచడం ఆయన పద్ధతి. నేటి సంస్థలు కంటెంట్ డెవలపర్ నుంచి కోరేదీ ఇదే.

ఒక విద్యాసంస్థ మొత్తాన్నీ సాంకేతికత మీద నిలబెట్టాలన్న ఆలోచనకు రాష్ట్రంలో పెద్ద ఉదాహరణ ట్రిపుల్ ఐటీలు. గ్రామీణ విద్యార్థుల కోసం 2008లో, వీటిని నడిపే రాజీవ్ గాంధీ యూనివర్సిటీ ఆఫ్ నాలెడ్జ్ టెక్నాలజీస్ ఏర్పడింది. ట్యూరింగ్ అవార్డు పొందిన కంప్యూటర్ శాస్త్రవేత్త రాజ్ రెడ్డి దాని కులపతిగా పనిచేశారు. పదో తరగతి మార్కులతో ప్రవేశం, రెండేళ్ల ప్రీ యూనివర్సిటీ కోర్సు, తర్వాత నాలుగేళ్ల బీటెక్, విద్యార్థి చేతిలో ల్యాప్‌టాప్... ఇదీ ఆ నమూనా. శ్రీకాకుళం ప్రాంగణం 2016లో మొదలై ఎచ్చెర్ల మండలంలో నడుస్తోంది. ప్రభుత్వ బడిలో పదో తరగతి చదువుతూ ఈ రంగంలోకి రావాలనుకునే పిల్లలకు ఇంటికి అతి దగ్గరి తలుపు ఇదే. ఇంటర్ తర్వాత చేరేవారికి రాజాంలోని జీఎంఆర్ ఇంజినీరింగ్ కళాశాల, విజయనగరంలోని జేఎన్‌టీయూ గురజాడ విశ్వవిద్యాలయం ఉన్నాయి.

ప్రభుత్వ బడుల్లో మార్పు ఇటీవలి సంవత్సరాల్లో వేగంగా వచ్చింది. 2019 నవంబరు 14న మొదలైన నాడు-నేడు పథకం కింద భవనాలు బాగుపడ్డాక, 2023 నుంచి తరగతి గదుల్లో తాకితే పనిచేసే పెద్ద తెరలు బిగించారు. ఉపాధ్యాయులు వీటిని ఐఎఫ్‌పీలు అంటారు. 2022 డిసెంబరులో ఎనిమిదో తరగతి విద్యార్థులకు, ఉపాధ్యాయులకు కలిపి సుమారు 5 లక్షల ట్యాబులు ఇచ్చారు. కేంద్రం 2017లో తెచ్చిన దీక్షా వేదిక వల్ల పాఠ్యపుస్తకంలోని క్యూఆర్ కోడ్‌ను ఫోన్‌తో స్కాన్ చేస్తే ఆ పాఠానికి సంబంధించిన వీడియో తెరుచుకుంటుంది.

ఇన్ని వచ్చినా, తెర మీద ఏం చూపించాలి, ఎంతసేపు చూపించాలి అన్న ప్రశ్న మాత్రం ఉపాధ్యాయుడి దగ్గరే ఉండిపోయింది. భిన్నాలు చెప్పే ఐదో తరగతి పంతులమ్మ పదిహేను నిమిషాల వీడియో పెట్టి పక్కన నిలబడితే పిల్లలు బొమ్మలు చూస్తారు, లెక్క రాదు. అదే తెర మీద ఒక రొట్టె బొమ్మను నాలుగు ముక్కలు చేసి, ఒక పిల్లను పిలిచి మూడు ముక్కలకు రంగు వేయించి, మిగిలింది ఎంత అని తరగతిని అడిగితే నాలుగు నిమిషాల్లో పావు, ముప్పావు తేడా తెలుస్తుంది. తెర రెండు సందర్భాల్లోనూ ఒకటే. ఈ తేడా తెలిసిన అభ్యర్థికే ఈ రంగంలో విలువ.

కొలువుల్లో మొదట చెప్పుకోవలసింది ఉపాధ్యాయ ఉద్యోగమే. ఇంటర్ తర్వాత రెండేళ్ల డీఎల్‌ఎడ్ చేస్తే ఎస్‌జీటీ పోస్టులకు, డిగ్రీ తర్వాత బీఎడ్ చేస్తే స్కూల్ అసిస్టెంట్ పోస్టులకు దారి ఉంటుంది. శ్రీకాకుళం జిల్లాలో డీఎల్‌ఎడ్‌కు వమరవల్లి డైట్ ఉంది. టెట్‌లో వచ్చిన మార్కులకు డీఎస్సీలో 20 శాతం వెయిటేజీ ఉంటుంది. 2025 మెగా డీఎస్సీని 16,347 పోస్టులకు పూర్తిగా కంప్యూటర్ మీదే నిర్వహించారు. అంటే పరీక్ష రాసే నాటికే మౌసుతో, తెర మీద గడియారంతో అలవాటు పడి ఉండాలి. ఏళ్ల తరబడి కాగితం మీదే ప్రాక్టీసు చేసే అభ్యర్థులు ఈ ఒక్కచోట వెనకబడతారు. ఉద్యోగం వచ్చాక డిజిటల్ పాఠాలు తయారుచేయగల ఉపాధ్యాయులకు పాఠ్యపుస్తకాల రూపకల్పనలో, దీక్షా పాఠాల తయారీలో, తోటి ఉపాధ్యాయుల శిక్షణలో పాలుపంచుకునే వీలుంటుంది.

రెండోది పాఠాల తయారీ. ఈ పనిని దగ్గరగా చూడాలంటే ఐఐటీ బాంబేలో నడిచే స్పోకెన్ ట్యుటోరియల్ మంచి నమూనా. ఉచిత సాఫ్ట్‌వేర్లను నేర్పే పాఠాలు అవి. ఒక్కొక్కటి పది నిమిషాలకు అటూ ఇటూ ఉంటుంది. తెలుగుతో సహా అనేక భారతీయ భాషల్లో గొంతు జోడిస్తారు. మొదట పాఠాన్ని వాక్యం వాక్యంగా రాసుకుంటారు. రికార్డు చేసేముందు ఆ విషయం ఏమీ తెలియని మనిషికి ఆ రాత ఇచ్చి, చూసి చేయమంటారు. అతను ఎక్కడ ఆగిపోతే అక్కడ పాఠం తిరగరాస్తారు. ఈ ఒక్క అలవాటు పట్టుబడితే పాఠాల తయారీలో సగం చదువు వచ్చినట్టే. ఈ రంగంలోకి రావాలనుకునే డిగ్రీ విద్యార్థి తనకు బాగా వచ్చిన ఒక్క పాఠాన్ని ఎంచుకుని, ఐదు నిమిషాల వీడియోగా చేసి, తమ వీధిలోని ఏడో తరగతి పిల్లకో పిల్లాడికో చూపించి, ఆగిన చోట సరిచేసి దాచుకోవాలి. అలాంటి పాఠాలు ఐదారు చేతిలో ఉంటే ఇంటర్వ్యూలో సర్టిఫికెట్ల కట్టకంటే అవే ఎక్కువ మాట్లాడతాయి.

ఇక్కడే ఒక చిన్న నైపుణ్యం ఉంది. దాన్ని పట్టించుకునేవారు తక్కువ. డీటీపీ సెంటర్లలో చాలాకాలంగా తెలుగు టైపింగ్ అను ఫాంట్లలో సాగుతోంది. అచ్చుకు అవి బాగానే పనికొచ్చాయి. అయితే ఆ ఫైలును ఆ ఫాంట్ లేని కంప్యూటర్‌లో తెరిస్తే పిచ్చి అక్షరాలు కనిపిస్తాయి. గూగుల్‌లో వెతికితే దొరకదు. చూపులేని విద్యార్థి కంప్యూటర్‌లో ఉండే స్క్రీన్ రీడర్ దాన్ని చదవలేదు. యూనికోడ్‌లో టైపు చేసిన తెలుగుకు ఈ మూడు ఇబ్బందులూ లేవు. ఎన్‌వీడీఏ అనే ఉచిత స్క్రీన్ రీడర్ యూనికోడ్ తెలుగును గొంతెత్తి చదివి వినిపిస్తుంది. పుస్తకాన్ని ఫొటో తీసి పీడీఎఫ్ చేసి గ్రూపుల్లో పంపడం డిజిటల్ విద్య అనుకుంటే, చూపులేని పిల్లలను తలుపు బయటే నిలబెట్టినట్టవుతుంది. ఇన్‌స్క్రిప్ట్ కీబోర్డు మీద వేగంగా, తప్పుల్లేకుండా తెలుగు కొట్టగలవారికి, పాత ఫైళ్లను యూనికోడ్‌లోకి మార్చగలవారికి ప్రచురణ సంస్థల్లో, కోచింగ్ సంస్థల్లో, అనువాద సంస్థల్లో పని ఉంటుంది. ఇంటి దగ్గర నుంచే చేయగల పని కావడం మరో సౌకర్యం.

సాఫ్ట్‌వేర్ వైపు వెళ్లేవారు తరగతి గది పరిస్థితిని మరవకూడదు. సీతంపేట, గుమ్మలక్ష్మీపురం కొండల్లో సిగ్నల్ కోసం గట్టు ఎక్కాల్సిన ఊళ్లున్నాయి. 2022లో ఈ మండలాలు పార్వతీపురం మన్యం జిల్లాలోకి వెళ్లినా, వాటి అవసరాలు అవే. నెట్ ఉంటేనే నడిచే యాప్ అక్కడ పనికిరాదు. పాఠాన్ని ముందే దించుకుని నెట్ లేకుండా నడపడం, పిల్లల జవాబులను దాచుకుని సిగ్నల్ దొరికినప్పుడు పంపడం, చవక ఫోనులోనూ తెరుచుకోవడం... వీటిని సాధించే ప్రోగ్రామ్ రాయగలిగితే బీటెక్ చివరి ఏడాది ప్రాజెక్టుకు అంతకంటే మంచి అంశం దొరకదు. పైథాన్, డేటా విశ్లేషణ ఎక్కడైనా నేర్చుకోవచ్చు. ఆన్‌లైన్ కోర్సుల వేదికలైన స్వయంలో, ఎన్‌పీటీఈఎల్‌లో అవి ఉచితంగా ఉన్నాయి. యూజీసీ నిబంధనల ప్రకారం విశ్వవిద్యాలయాలు ఒక సెమిస్టర్ కోర్సుల్లో 40 శాతం వరకు స్వయం ద్వారా చేసుకోనివ్వవచ్చు. తమ కళాశాల ఎంతవరకు ఒప్పుకుంటుందో విద్యార్థులు ముందే అడిగి తెలుసుకోవాలి.

ప్రైవేటు ఎడ్‌టెక్ కంపెనీల ఉద్యోగాల విషయంలో మాత్రం జాగ్రత్త అవసరం. కోవిడ్ కాలంలో ఈ కంపెనీలు వేలమందిని తీసుకున్నాయి, బడులు తెరిచాక వేలమందిని తీసేశాయి. రాష్ట్రంలో ఎనిమిదో తరగతి ట్యాబుల్లోని పాఠాలను అందించిన బైజూస్ మీద 2024 జులైలో దివాలా ప్రక్రియ మొదలైంది. కంటెంట్ ఉద్యోగం అని పిలిచి, చేరాక తల్లిదండ్రులకు ఫోన్లు చేసి కోర్సులు అమ్మే పని అప్పగించడం ఈ రంగంలో వినిపించే ఫిర్యాదు. చేరేముందు పని ఏమిటో, అమ్మకాల టార్గెట్ ఉందో లేదో, జీతంలో ఇన్సెంటివ్ ఎంతో కాగితం మీద చూసుకోవాలి. శిక్షణ ఫీజు అడిగే ఉద్యోగానికి వెళ్లనవసరం లేదు.

ఈ ప్రాంతపు అభ్యర్థులకు పోటీ తక్కువగా, అవసరం ఎక్కువగా ఉన్న చోటు గిరిజన భాషలు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2000ల మధ్యలో సవర, కువి, కొండ వంటి భాషల్లో ప్రాథమిక వాచకాలు తయారై, తెలుగు లిపిలోనే అచ్చయ్యాయి. కేంద్ర ప్రభుత్వం 2022లో ప్రారంభించిన భాషిణి వంటి కార్యక్రమాల వల్ల యంత్రానువాదం, మాటను రాతగా మార్చే పరిజ్ఞానం తెలుగులో ముందుకు సాగుతున్నాయి. సవరకూ కువికీ యంత్రానికి నేర్పడానికి కావలసిన గొంతులూ వాక్యాలూ చాలా తక్కువ. వాటిని సేకరించి, రాసి, సరిచూడటానికి ఆ భాష ఇంట్లో మాట్లాడే యువత తప్ప మరొకరు సరిపోరు. సవర, జాతాపు కుటుంబాల నుంచి డిగ్రీ దాకా వచ్చినవారు హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలోని అనువర్తిత భాషాశాస్త్ర, అనువాద అధ్యయన కేంద్రంలో ఎంఏ చేయవచ్చు. విజయనగరంలో 2019లో మొదలైన కేంద్రీయ గిరిజన విశ్వవిద్యాలయం ఇంటికి దగ్గర. పరిశోధన దాకా వెళ్లాలనుకునేవారికి ఐఐటీ బాంబేలో విద్యా సాంకేతికతలోనే పీహెచ్‌డీ ఉంది; ఎంటెక్ వారితో పాటు సైన్స్ పీజీ చేసినవారూ అర్హతలు చూసుకుని దరఖాస్తు చేసుకోవచ్చు.