అడిగి తెలిసికొనిన వైద్యము — ఉద్దానపు గ్రామములకొక పాఠము

పలాసలో జీడిపప్పు కొనవచ్చిన వర్తకుడు గుప్పెడు పప్పు చేతిలోనికి తీసికొని, అందు గుండు ఎంత, బద్ద ఎంత, ముక్క ఎంత అని చూడనిదే బేరమాడడు. కవిటిలో కొబ్బరికాయ కొనువాడు దానిని చెవియొద్ద ఆడించి, నీటి చప్పుడు విని మరీ కొనును. ఇంతటి జాగ్రత్త గల మనమే, జబ్బుచేసి ఆసుపత్రి మెట్లెక్కినంతనే నోరు మెదపము. ఇచ్చిన చీటీ పుచ్చుకొందుము. అడిగిన సొమ్ము చెల్లింతుము. “డాక్టరుగారిని మనము ప్రశ్నించుటయా!” అని జంకుదుము. ఈ జంకు ఉద్దానమునకు మిక్కిలి నష్టము కలిగించునట్టిది.

ఉద్దానమున ఈ విషయమేల?

ఇచ్ఛాపురము, కవిటి, కంచిలి, సోంపేట, మందస, వజ్రపుకొత్తూరు, పలాస మండలముల గ్రామములలో దీర్ఘకాలిక మూత్రపిండ వ్యాధి హెచ్చుగా ఉన్నదన్న సంగతి 1990 దశకము నుండి వైద్యుల దృష్టిలో కలదు. మధుమేహము, రక్తపుపోటు లేని రైతులకును, కూలీలకును గూడ ఇది సోకుచుండుట ఇచ్చటి విశేషము. ఎన్నియో పరిశోధనలు జరిగినను దీని మూలకారణ మింతవరకు నిశ్చయముగా తేలలేదు. 2023 డిసెంబరు 14వ తేదీన పలాసలో 200 పడకల మూత్రపిండ వ్యాధుల ఆసుపత్రి, పరిశోధన కేంద్రము ప్రారంభమైనవి. హిరమండలము జలాశయము నుండి ఉద్దానమునకు త్రాగునీరు తెచ్చు పథకము గూడ నాడే ప్రారంభమైనది. భవనము, యంత్రము ప్రభుత్వము సమకూర్చగలదు. అచ్చట అందు సేవ నాణ్యమైనదో కాదో అడిగి తెలిసికొనుట మాత్రము ప్రజలు నేర్వవలసిన విద్య.

కాగితమును భద్రపరచుడు

ఈ వ్యాధి తొలిదశలో నొప్పి ఉండదు, బాధ ఉండదు. రక్తములో క్రియాటినిన్ ఎంత ఉన్నదో, మూత్రములో మాంసకృత్తు పోవుచున్నదో లేదో పరీక్షించిననే తెలియును. 45 ఏండ్ల రైతునకు నిరుడు 1.1 ఉండిన క్రియాటినిన్ ఈ యేడు 1.6 అయినదనుకొందము. చూచుటకిది స్వల్పమైన తేడా. కాని లెక్క కట్టిచూచినచో మూత్రపిండముల పని మూడవవంతునకు పైగా తగ్గినదని అర్థము. నిరుటి కాగితము పొయ్యిలో వేసినవానికి ఈ సంగతి ఎవరు చెప్పగలరు? కావున ప్రతి పరీక్ష కాగితమును తేదీతోసహా భద్రపరుపవలెను. ప్రయోగశాలను బట్టి అంకె కొంత మారవచ్చును గనుక, వీలైనంతవరకు ఒకే చోట పరీక్ష చేయించుకొని, అంకె పెరిగినచో వైద్యుని సలహాపై మరల పరీక్షించుకొనవలెను. ఒళ్లునొప్పులకని సూది వేయించుకొనునపుడు ఆ మందు పేరేమో అడుగుడు. నొప్పిమందులలో కొన్ని మూత్రపిండములకు హాని చేయును.

డయాలిసిస్ కేంద్రములో అడుగవలసినవి

సాధారణముగా డయాలిసిస్ వారమునకు మూడుమారులు, మారునకు నాలుగు గంటలు చేయుదురు. మీ ఇంటివానికి ఎన్ని గంటలు జరిగినది? తగ్గించినచో కారణమేమి? ముందు, వెనుక బరువు చూచి వ్రాసిరా? యంత్రమునకు వాడు శుద్ధజలమును కడపట ఎప్పుడు పరీక్షించిరి? ఫిల్టరును మరల వాడుచున్నచో దానిపై రోగి పేరు వ్రాసియున్నదా? హెపటైటిస్ పరీక్షలు వేళకు జరుగుచున్నవా? కామెర్లు తెచ్చు హెపటైటిస్ బి గలవారికి వేరు యంత్రము కలదా? ఈ ప్రశ్నలు అవిశ్వాసముతో కాదు, వినయముతో అడుగవలెను. మంచి వైద్యుడు వీనికి కోపగింపడు.

చట్టమేమి చెప్పుచున్నది?

1995 నవంబరు 13న ఇండియన్ మెడికల్ అసోసియేషన్, వి.పి.శాంత వ్యాజ్యములో సుప్రీంకోర్టు, సొమ్ము పుచ్చుకొని చేయు వైద్యము వినియోగదారుల చట్టము క్రిందికి వచ్చునని తీర్పు చెప్పినది. నేడు అమలులోనున్నది 2019 నాటి చట్టము. దీని ప్రకారము మీరు నివసించు జిల్లాలోనే, అనగా శ్రీకాకుళము కమిషనులోనే, రెండేండ్ల లోపల ఫిర్యాదు చేయవచ్చును. సలహాకు 1915 నెంబరునకు ఫోను చేయవచ్చును. అందరికిని పూర్తిగా ఉచితముగా వైద్యము చేయు ఆసుపత్రులకు ఈ చట్టము వర్తింపదు. కాని ప్రభుత్వాసుపత్రిలో యంత్రములెన్ని, పనిచేయనివెన్ని, మందుల నిలువ ఎంత అని 2005 నాటి సమాచార హక్కు చట్టము క్రింద అడుగవచ్చును. 30 దినములలో జవాబీయవలెను. ప్రాణమునకు సంబంధించిన సమాచారమైనచో 48 గంటలలోనే ఈయవలెను.

ఇక రోగి తన చికిత్సాపత్రములు కోరినచో 72 గంటలలోపల ఈయవలెనని వైద్యులకు 2002లో ఏర్పడిన నిబంధన కలదు. బరంపురమునకో విశాఖపట్టణమునకో పోవువారు ఈ పత్రములను వెంట తీసికొనిపోయినచో, చేసిన పరీక్షలే మరల చేయించు వ్యయము తగ్గును.

ఒక వైద్యుని సాహసము

అమెరికాలోని బోస్టను నగరములో ఎర్నెస్టు కాడ్మన్ అను శస్త్రవైద్యుడుండెను. చికిత్స పొందిన ప్రతి రోగికిని తుదకేమైనదో ఆసుపత్రులు కనుగొని వెల్లడింపవలెనని ఆయన వాదించెను. తోటివారు సమ్మతింపరైరి. ఆయన 1914లో తాను పనిచేయు పెద్ద ఆసుపత్రిలోని పదవికి రాజీనామా ఇచ్చి, తన చిన్న ఆసుపత్రిలో 1911 మొదలు 1916 వరకు చికిత్స పొందిన 337 మంది లెక్కను, వారి విషయమున జరిగిన 123 పొరపాట్లతోసహా అచ్చు వేయించెను. దాచిన తప్పు మరల జరుగును. వెల్లడించిన తప్పు దిద్దుకొనబడును.

అయితే అంకెలను న్యాయముగా చదువవలెను. వ్యాధి ముదిరినవారిని చేర్చుకొను ఆసుపత్రిలో మరణములు హెచ్చుగా ఉండవచ్చును. అంతమాత్రమున దానిని నిందింపరాదు. ఎట్టి స్థితిలోని రోగులు వచ్చిరి, ఏ చికిత్స జరిగినది అనునవి కలిపి చూడవలెను.

గ్రామము చేయదగిన పని

ప్రతి ఇంటిలో ఒక సంచిలో ఇంటిల్లిపాది పరీక్ష కాగితములు ఉండవలెను. గ్రామసభలో త్రాగునీటి పరీక్షా ఫలితములను చదివించి, పంచాయతీ గోడపై అంటింపవలెను. చదువు వచ్చిన యువకులు పెద్దలకు చీటీలు చదివి చెప్పవలెను. కాయను ఆడించి కొనుట మన తాతలు మనకు నేర్పిరి. మందును, వైద్యమును అడిగి తీసికొనుట మనము మన బిడ్డలకు నేర్పుదము.