మూకీ చిత్రాలలో ఆంగిక హాస్యం

మాటల చమత్కారంతో నవ్వించడం ఒక విద్య. మాట లేకుండా, కేవలం శరీర చలనంతో నవ్వించడం మరొక విద్య. మన ఆలంకారికులు చెప్పిన నాలుగు విధాల అభినయాలలో ఆంగికం మొదటిది. చలనచిత్రం ఇంకా మాట నేర్వని మూకీల కాలంలో, ఆంగిక హాస్యం పరాకాష్ఠనందుకొంది.

ఫ్రాన్సు దేశస్థులైన లూమియేర్ సోదరులు 1895లో నిమిషమైనా నిడివి లేని ఒక చిత్రాన్ని ప్రదర్శించారు. తోటమాలి గొట్టంతో మొక్కలకు నీరు పెడుతుంటాడు. ఒక ఆకతాయి వెనుక నుంచి వచ్చి గొట్టాన్ని తొక్కిపడతాడు. నీరెందుకు ఆగిందో తెలియక తోటమాలి గొట్టంలోకి తొంగిచూస్తాడు. కుర్రవాడు కాలు తీస్తాడు. నీరు తోటమాలి ముఖాన చిమ్ముతుంది! తెరమీది హాస్యానికి తొలి ఉదాహరణలలో ఇదొకటి.

1912లో అమెరికాలో మాక్ సెనెట్ కీస్టోన్ సంస్థను నెలకొల్పాడు. జారిపడటం, తరుముకోవడం ఆ సంస్థ చిత్రాలకు ప్రాణం. చార్లీ చాప్లిన్ 1914లో తెరకు పరిచయమైనది అక్కడే. ఇంగ్లీషు రాని వలస కార్మికులు సైతం ఇటువంటి చిత్రాలు చూసి హాయిగా నవ్వుకొన్నారు.

అయితే ఆ నవ్వుల వెనుక ప్రమాదాలు పొంచి ఉండేవి. 1919లో హెరాల్డ్ లాయిడ్ ఛాయాచిత్రం కోసం పట్టుకొన్న ఉత్తుత్తి బాంబు నిజంగానే పేలింది. కుడిచేతి బొటనవేలు, చూపుడువేలు పోయాయి. అయినా అతడు నటన మానలేదు. లోపం కనబడకుండా తొడుగు ధరించి, 1923లో ఎత్తైన మేడమీది గడియారపు ముల్లు పట్టుకొని వేలాడే దృశ్యంలో నటించాడు.

బస్టర్ కీటన్ 1920లో తీసిన ‘వన్ వీక్’ మరొక మేటి చిత్రం. కొత్త దంపతులకు విడిభాగాలతో కూర్చుకొనే ఇల్లు కానుకగా వస్తుంది. గిట్టనివాడొకడు పెట్టెలమీది అంకెలు మారుస్తాడు. ఇల్లు వంకరగా లేస్తుంది. గాలివానకు గిరగిర తిరుగుతుంది. చివరకు రైలుపట్టాలపై చిక్కుకొంటుంది. ఎదుట వచ్చిన రైలు పక్క పట్టాలమీదుగా వెళ్లిపోతుంది. దంపతులు ఊపిరి పీల్చుకొనేలోగా రెండవ వైపు నుంచి మరో రైలు వచ్చి ఇంటిని నుగ్గుచేస్తుంది. కీటన్ ఆ శిథిలాలకు ‘అమ్మబడును’ అనే పలక తగిలించి, భార్య చేయి పట్టుకొని నడిచిపోతాడు.

ఇల్లు కూలినందుకు మనం నవ్వుతాము. కాని మనసులో నిలిచేది కలిసిన ఆ రెండు చేతులే. పడినవాణ్ణి చూసి నవ్వడం సులభం. పడినవాడు లేచి నడుస్తుంటే వాని పక్షాన నిలిచి సంతోషించేటట్లు చేయడమే ఉత్తమ హాస్యం.

ప్రశ్నలు
1. ‘వన్ వీక్’ చిత్రం ముగింపులోని విశేషమేమిటి?
2. మూకీ హాస్యనటుల సాహసాన్ని సోదాహరణంగా వివరించండి.