టీవీకెక్కిన యంత్రం డ్రైవరు

పొక్లెయిన్ మీరు చూసే ఉంటారు. చెరువులో పూడిక తీసేటప్పుడు వస్తుంది. దాన్ని నడిపే మనిషి పేరు ఎవరైనా అడుగుతారా? అడగరు. కాని అలాంటి యంత్రాలు నడిపిన ఒకతన్ని ఎన్నో దేశాల వాళ్లు గుర్తుపడతారు. అతని పేరు టోనీ బీట్స్.

టోనీ 1959లో నెదర్లాండ్స్ దేశంలో పుట్టాడు. వాళ్లది రైతు కుటుంబం. బతుకుతెరువు కోసం కెనడా వెళ్లాడు. 1984లో యూకాన్ అనే చలి ప్రాంతం చేరాడు. అక్కడ డాసన్ అనే ఊరుంది. 1896లో ఆ దగ్గరి వాగులో బంగారం దొరికింది. టోనీ అక్కడ పెద్ద పెద్ద యంత్రాలు నడిపాడు. తర్వాత సొంతంగా గని పెట్టుకున్నాడు.

మట్టిలోంచి బంగారం ఎలా తీస్తారు? మన ఇళ్లల్లో బియ్యం గాలిస్తారు కదా! బియ్యం నీళ్లతో పోతాయి. రాళ్లు అడుగున మిగులుతాయి. ఇదీ అంతే. బంగారం నీటికంటే 19 రెట్లు బరువు. అక్కడ నేల మంచుతో గడ్డకట్టి ఉంటుంది. పైమట్టిని బుల్డోజరుతో తోసేస్తారు. అడుగు బండ దగ్గరి గులకమట్టిని తీసి, పారే నీళ్లతో కడుగుతారు. మట్టి కొట్టుకుపోతుంది, బంగారు రజను నిలుస్తుంది. చలికాలం నీళ్లే గడ్డకడతాయి. ఇక పని సాగదు. అందుకే ఉన్న కొద్ది నెలలూ రాత్రీ పగలూ తవ్వుతారు.

2010లో డిస్కవరీ ఛానెల్ 'గోల్డ్ రష్' అనే కార్యక్రమం మొదలుపెట్టింది. గనుల్లో జరిగే పనినే చూపిస్తారు. కెమెరా ముందు ఎవరైనా కొంత మారతారు, అది వేరే సంగతి. పొడుగు గడ్డం, నోటి దురుసు, పనిలో పట్టు. టోనీ జనానికి నచ్చాడు.

2014లో చిక్కు వచ్చింది. టోనీ దగ్గర నీళ్లమీద తేలుతూ తవ్వే పాత యంత్రం ఒకటుంది. అది తేలే మడుగులో ఒక పనివాడు పెట్రోలు పోసి నిప్పంటించాడు. టోనీ అక్కడే ఉన్నాడు, ఆపలేదు. ఆ మంట టీవీలో వచ్చింది. నీళ్లలో అలాంటివి కలపడం అక్కడి చట్టం ప్రకారం నేరం. 2017లో కోర్టు టోనీకీ, అతని కంపెనీకీ కలిపి సుమారు 31,000 డాలర్ల జరిమానా వేసింది. నిప్పు పెట్టింది తను కాదు. అయినా శిక్ష తప్పలేదు. ఆపగలిగి ఆపలేదు కదా!

మన వాగుల్లోనూ పొక్లెయిన్లు ఇసుక తోడుతున్నాయి. మీ ఊరి వాగు నీళ్లు పాడైతే ఎవరికి అర్జీ పెట్టాలి? కేంద్రంలో అడిగి తెలుసుకోండి. ఆ అర్జీ మీరే రాసి చూడండి.